జోసెఫినమ్మ ఫ్రాంకులు

ఈ వారమే పత్రిక చేతిలోకి తీసుకున్నవాళ్ల కోసం ముందు నాలుగు ముక్కలు చెప్పాలి. జోసెఫినమ్మ భర్త సెబాస్టియన్ ఫ్రెంచి సైన్యంలో సార్జెంటుగా చేశాడు. సైగాన్ దాకా వెళ్లి గుండు తగలకుండా తిరిగొచ్చి, యానాంలో సొంత మంచంమీద జ్వరంతో పోయాడు. ఆయన పోయినా ఆయన పింఛను పోలేదు. మూడు నెలలకోసారి మూడు వేల ఫ్రాంకులు ఫ్రాన్సులో బయల్దేరి, పాండిచ్చేరి మీదుగా యానాం బ్యాంకుకి వచ్చేసరికి రూపాయలైపోతాయి. ఎన్ని రూపాయలన్నదే తంటా. ఎనభయ్యో సంవత్సరంలో ఫ్రాంకుకి రూపాయి ఎనభై పైసల పైన వచ్చేది. అక్కణ్ణించి జారుతూ జారుతూ ఎనభై అయిదు ఫిబ్రవరికి రూపాయి పావలా దగ్గర పడింది. ఇంకా జారితే ఏం తిని బతకాలని బెంగెత్తిపోయి, జోసెఫినమ్మ బట్టలకొట్టు సత్యవతమ్మతో ఒక కాయితం రాసుకుంది. మూడేళ్లపాటు ఫ్రాంకు ఎంత పలికినా సరే, జోసెఫినమ్మకి విడతకి మూడు వేల తొమ్మిది వందలు. అంతకి తక్కువొస్తే సత్యవతమ్మ పూడుస్తుంది. ఎక్కువొస్తే ఆ ఎక్కువ సత్యవతమ్మది.

మొదటి విడతలో సత్యవతమ్మే నూట ఇరవై రూపాయలు ఎదురిచ్చింది. జోసెఫినమ్మ ఆ రోజు చర్చిలో పెద్ద కొవ్వొత్తి వెలిగించింది. ఆ కొవ్వొత్తి ఏ దేవదూత కంట పడిందో గానీ, ఆ తర్వాత ఫ్రాంకు లేవడం మొదలెట్టింది. లేచింది, లేచింది, ఎనభై ఏడు ఫిబ్రవరికి రెండు రూపాయల పది పైసలయి కూచుంది. అందాకా ఎక్కువొచ్చినప్పుడల్లా జోసెఫినమ్మ ఆ ఎక్కువ కొట్లో కట్టేస్తూనే వచ్చింది. పోయిన సోమవారం బ్యాంకులో ఆవిడ చేతిలో ఆరు వేల మూడొందలు పడ్డాయి. కాయితం ప్రకారం అందులో రెండు వేల నాలుగొందలు కొట్లో ఇచ్చి ఇంటికి వెళ్లాలి. ఆవిడ కొట్టుముందు నుంచే, గొడుగు అటువైపు వంచుకుని, తల తిప్పకుండా వెళ్లిపోయింది. గురువారం పొద్దున్న ఆవిడ వాకిట్లో రిక్షా ఆగింది.

రిక్షా ఆగిందన్న సంగతి జోసెఫినమ్మకి చప్పుడువల్ల తెలియలేదు. రిక్షావాడు "అమ్మయ్య" అని ఊపిరి వదలడంవల్ల తెలిసింది. యానాంలో రిక్షావాళ్ల చేత అలా ఊపిరి వదిలించే మనిషి ఒక్కతే. పాతికేళ్ల కిందట ద్రాక్షారం నుంచి ఒక బీరువాతో, రెండు బేళ్ల చీరలతో దిగి, ఇవాళ బజార్లో సగం మందికి బట్ట కట్టబెడుతున్న సత్యవతమ్మ.

జోసెఫినమ్మ వంటింట్లో ఉంది. వంటింట్లో అంటే మూడు గోడల వంటింట్లో. నాలుగో గోడని పోయిన ఆగస్టు వరదలో గోదావరి పట్టుకుపోయింది. అప్పట్నించీ ఆ వైపు నీలం పరదా వేలాడుతోంది. గాలి వేస్తే అది ఇంట్లోకి పొంగుతుంది, గాలి ఆగితే వీధిలోకి పొంగుతుంది. ఊళ్లో కుక్కలన్నిటికీ ఆ దారి తెలుసు. ఆ పరదా సందులోంచి పారిపోవచ్చన్న ఆలోచన ఒక్క క్షణం జోసెఫినమ్మకీ వచ్చింది. యాభై నాలుగేళ్ల మనిషి, మోకాళ్ల నొప్పులు, చేతిలో అట్లకాడ. ఎక్కడికని పారిపోతుంది? కొంగు సర్దుకుని వీధరుగుమీదికి వచ్చింది.

"రండి వదినగారూ" అంది, ఏమీ ఎరగనట్టు.

"బాగున్నారా జోసెఫినమ్మగారూ" అంది సత్యవతమ్మ.

పదిహేనేళ్లుగా ఇద్దరూ వదినా వదినా అనుకున్న మనుషులు. శుక్రవారం మాట్నీకి ఒకే రిక్షాలో వెళ్లేవాళ్లు. పేరు పెట్టి పిలిచి, చివర గారు తగిలించిందంటే లోపల ఎంత మండుతోందో జోసెఫినమ్మకి అర్థమైపోయింది.

అరుగుమీద కుర్చీ లేదు. ఉన్న ఒక్క కుర్చీ వరదలో కాలు పోగొట్టుకుంది. సత్యవతమ్మ అటూ ఇటూ చూసి, వాకిట్లో కొత్తగా పేర్చిన ఇటుకల దొంతరమీద కూచుంది.

"మూడు రోజులైంది" అంది. "ఒంట్లో బాగాలేదేమో అనుకున్నాను. నిన్న చేపల దగ్గర కనిపించారట."

"ఒంట్లో బాగానే ఉందండి."

"మరి డబ్బు?"

జోసెఫినమ్మ చేత్తో చూపించింది. సత్యవతమ్మ ఆ చెయ్యి చూపిన వైపు చూసింది. ఆ చెయ్యి తననే చూపిస్తున్నట్టుంది. కాదు, తన కిందికి చూపిస్తోంది.

"వాటిమీదే కూచున్నారండి" అంది జోసెఫినమ్మ నెమ్మదిగా.

సత్యవతమ్మ దిగ్గున లేచింది. ఇటుకలవైపు చూసింది. మళ్లీ కూచుంది, ఈసారి కాస్త జాగ్రత్తగా, తన సొమ్ము నలిగిపోతుందేమో అన్నట్టు.

"నన్నడక్కుండా నా డబ్బుతో గోడ కడతారా?"

"మీ డబ్బు ఎలా అవుతుందండీ? మా ఆయన సైగాన్‌లో అడవులంట తిరిగితే వచ్చిన డబ్బు. మీరు సైగాన్ ఎప్పుడు వెళ్లారు?"

ఈ మాట అనాలని జోసెఫినమ్మ మూడు రాత్రులనించీ అనుకుంటోంది. అన్నాక మాత్రం నాలుక కరుచుకుంది. సత్యవతమ్మ రవికలోంచి చిన్న పర్సు, పర్సులోంచి నాలుగు మడతల కాయితం తీసింది. మడతల దగ్గర చిరిగిపోకుండా వెనకాల బట్ట అతికించి ఉంది. బట్టలకొట్టు మనిషి కదా.

"సంతకం మీదేనా?"

"నాదే."

"బెదిరించి పెట్టించుకున్నానా?"

"లేదండి. ఆ రోజు మీరు జున్ను కూడా పెట్టారు."

"అప్పుడు ఫ్రాంకు రూపాయికి పడిపోయి ఉంటే నేనేం చేసేదాన్ని? ఏడుస్తూ అయినా విడతకి తొమ్మిది వందలు ఎదురిచ్చేదాన్నా, లేదా?"

"ఇచ్చేవారు" అంది జోసెఫినమ్మ. అది నిజమని ఆవిడకి తెలుసు. సత్యవతమ్మ చీర కొలతలో అంగుళం తగ్గించదు, ఇస్తానన్నదాంట్లో పైసా తగ్గించదు. అదే ఇప్పుడు ఇబ్బంది. ఎదటి మనిషి మోసగత్తె అయితే తిట్టుకుని కడుపు చల్లబరుచుకోవచ్చు. ఈవిడ దగ్గర ఆ వీలు లేదు.

"వరద మీ ఒక్క ఇంటికే రాలేదు" అంది సత్యవతమ్మ. గొంతు కాస్త తగ్గింది. "పన్నెండు బేళ్లు తడిశాయి. రంగులన్నీ ఒకదాంట్లోకి ఒకటి దిగిపోయాయి. వాటిని సగం ధరకి వదిలేశాను."

ఆ సంగతి చెప్పక్కర్లేదు. ఆ శీతాకాలం యానాంలో ఆడవాళ్లలో మూడొంతుల మంది ఎరుపో, నీలమో, ఆకుపచ్చో తేల్చి చెప్పలేని ఒకే రంగు చీరల్లో తిరిగారు. జోసెఫినమ్మ కట్టుకున్నదీ అదే.

"సూరత్‌వాడికి మార్చి పదో తారీకున డబ్బు పంపాలి. మీ ఫ్రాంకుల మీద లెక్కేసుకుని మాటిచ్చాను."

"నేను ఇటుకలాయనకి మాటిచ్చానండి."

లోపల పరదా బుస్సుమని పొంగి, ఉస్సుమని తగ్గింది.

అప్పుడే ముందు గది తలుపు రెండంగుళాలు తెరుచుకుని, మూసుకుంది. సత్యవతమ్మ చూడనే చూసింది.

"మాస్టారూ! బయటికి రండి. కాలేజీకి ఇంకా గంటుంది, నాకు తెలుసు."

సూర్యచంద్రరావు మాస్టారు కాలేజీలో ఎకనామిక్స్ చెబుతారు. నలభై అయిదేళ్లొచ్చినా పెళ్లి కాలేదు. జోసెఫినమ్మ ముందు గదిలో నెలకి వంద రూపాయల అద్దెకి ఉంటారు. రెండేళ్ల కిందట ఆ కాయితం రాసి పెట్టింది ఆయనే. ముఖానికి ఒకవైపు సబ్బు నురగ, ఇంకోవైపు నున్నటి గెడ్డంతో బయటికి వచ్చారు.

"అసలీ ఫ్రాంకు ఎందుకు లేచిందో ఈవిడకి చెప్పండి" అంది సత్యవతమ్మ. "నేనేదో చేతబడి చేసి లేపానన్నట్టు చూస్తోంది."

మాస్టారి కళ్లు వెలిగాయి. ఆయన్ని ఈ ప్రశ్న క్లాసులో ఎవరూ అడగరు.

"చాలా సులువండి. గోదాట్లో నాలుగు పడవలున్నాయనుకోండి. డాలరు, పౌండు, మార్కు, ఫ్రాంకు. ఒకప్పుడు అన్నిటినీ ఒకే రేవుకి కట్టేసేవారు. డెబ్భైల్లో తాళ్లు విప్పేశారు. అప్పట్నించీ ఏ పడవ ఎటు పోతుందో గాలికే తెలియాలి. మన రూపాయి చిన్న దోనె. పెద్ద పడవలన్నిటికీ తలొక తాడూ కట్టుకుని నడిమధ్యన తేలుతుంటుంది. డాలరు పడవ మరీ పైకి తేలిపోయిందని, ఎనభై అయిదు సెప్టెంబర్లో అయిదు దేశాల ఆర్థికమంత్రులు న్యూయార్కులో ఒక హోటల్లో కూచుని, దాన్ని కిందికి దించుదామని మాటనుకున్నారు. డాలరు దిగింది. మార్కు ఎగిరింది. మార్కుని పట్టుకుని ఫ్రాంకు ఎగిరింది. మన దోనె కాస్త డాలరు వైపే ఒరిగిపోయింది."

"అయిదుగురు మంత్రులు హోటల్లో కాఫీ తాగితే నా వంటింటి గోడ లేవకూడదా?" అంది జోసెఫినమ్మ.

"అదే ఇంటర్నేషనల్ ఎకనామిక్స్ అండి" అన్నారు మాస్టారు సంతోషంగా.

"మీరు చెప్పబట్టే కదా మాస్టారూ నేను దిగాను" అంది సత్యవతమ్మ. "కొట్టుకొచ్చి షర్టుగుడ్డ తీసుకున్న రోజున, ఫ్రాంకు అడుగంటిపోయింది, ఇంక లేవడమే తరవాయి అన్నారు."

జోసెఫినమ్మ చేతిలో అట్లకాడ అరుగుమీద పెట్టేసింది.

"ఏమన్నారు? లేస్తుందన్నారా?"

"లేస్తుందనే అన్నారు."

"నాకు పడుతుందన్నారు! పండుగప్ప పులుసు వడ్డించి అడిగితే, రెండోసారి వేయించుకుని మరీ, పడే లక్షణాలే కనిపిస్తున్నాయి జోసెఫినమ్మగారూ, జాగ్రత్త పడడం మంచిది అన్నారు!"

ఇద్దరాడవాళ్లూ కలిసి మాస్టారివైపు తిరిగారు. ఆయన చెంపమీది నురగ మెల్లగా మెడ మీదికి జారుతోంది.

"అబద్ధం చెప్పలేదండి" అన్నారు. "మీరు పడుతుందా అని అడిగారు. పడొచ్చు అన్నాను. ఆవిడ లేస్తుందా అని అడిగారు. లేవొచ్చు అన్నాను. రెండూ నిజమే. మా శాస్త్రంలో..."

"మీ శాస్త్రంలో పులుసు తిన్నచోట ఒకటి, గుడ్డ తీసుకున్నచోట ఒకటి ఉంటుందన్నమాట" అంది సత్యవతమ్మ.

"రెండేళ్లుగా నేను నా తెలివితక్కువతనమే అనుకుంటున్నాను" అంది జోసెఫినమ్మ. ఆవిడకి కోపం వచ్చింది, కానీ దాంతోపాటు ఎక్కడో చిన్న ఊరట కూడా కలిగింది. తప్పు తనొక్కదానిదే కాదని తెలిసిన ఊరట. దాంతో ధైర్యం వచ్చింది. ధైర్యం రాగానే, మూడు రాత్రులుగా మనసులో నలుగుతున్న అసలు మాట బయటికి వచ్చింది.

"మాస్టారూ, ఆ కాయితంలో మూడో వరస చదవండి."

మాస్టారు కళ్లజోడు తెచ్చుకుని చదివారు. "ఫ్రాంకు ధర ఎట్లున్నను, ఏమి జరిగినను, ఏ కారణము చేతనైనను, సదరు జోసెఫిన్‌గారికి విడతకు మూడు వేల తొమ్మిది వందలకు తక్కువ కాకుండా దక్కునట్లు సదరు సత్యవతమ్మగారు పూచీ."

"ఏ కారణము చేతనైనను" అని మళ్లీ అంది జోసెఫినమ్మ. "సరే వదినగారూ. నేను ఈ ఏడు సర్తిఫికా మీద సంతకం పెట్టను."

సర్తిఫికా అంటే బతికున్నట్టు కాయితం. ఏడాదికోసారి పింఛనుదారు ఆఫీసరు ఎదుట నిలబడి, నేను బతికే ఉన్నానని సంతకం చేస్తేనే ఫ్రాన్సు డబ్బు పంపుతుంది. మార్చి నెలాఖరు గడువు.

"పెట్టకపోతే?" అంది సత్యవతమ్మ, అర్థం కాక.

"పెట్టకపోతే ఫ్రాన్సువాళ్ల లెక్కలో నేను లేను. ఫ్రాంకులు రావు. మీ లెక్కలో మాత్రం ఉన్నాను, ఎదురుగా కనిపిస్తున్నాను కాబట్టి. ఇంక నాలుగు విడతలు. విడతకి మూడు వేల తొమ్మిది వందలూ మీరే సొంతంగా ఇచ్చుకోవాలి. ఏ కారణము చేతనైనను."

వీధిలో వెళుతున్న కల్లుకావిడి మనిషి ఆగి మరీ చూశాడు. సత్యవతమ్మ ముఖం మీద ముందు ఏమీ లేదు. తర్వాత లెక్క కనిపించింది. పదిహేను వేల ఆరొందలు. తర్వాత ముఖం ఎర్రబడింది. చివరికి భుజాలు కదలడం మొదలైంది. ఏడుస్తోందనుకుని జోసెఫినమ్మ కంగారుగా రెండడుగులు ముందుకేసింది. ఏడవడం లేదు. నవ్వుతోంది. ఆ నవ్వుకి ఇటుకల దొంతరలో పైవరస కదిలి రెండు ఇటుకలు కింద పడ్డాయి.

"నాకు డబ్బివ్వకుండా ఉండడానికి చచ్చిపోతావా వదినా?"

"సంవత్సరమే కదా" అంది జోసెఫినమ్మ. "కాయితం గడువు తీరాక మళ్లీ బతుకుతాను."

వదినా అన్న పిలుపు విన్నాక ఆవిడ కళ్లలో నీళ్లు తిరిగాయి. అది కనబడకుండా ఉండాలని, పడిన ఇటుకలు తీసి పైన పెట్టింది.

"చూడు" అంది సత్యవతమ్మ కళ్లు తుడుచుకుని. "కాయితం కాయితమే. నేను నీకు పూచీ పడ్డాను, అది నిజం. కానీ ఫ్రాంకు ఇంత లేస్తుందని నువ్వూ అనుకోలేదు, నేనూ అనుకోలేదు. మూడో నాలుగో వందలు మిగుల్తాయని దిగానుగానీ, నీ వంటింటికి గోడ లేకుండా చెయ్యాలని కాదు. ఈ విడత నుంచి ఆ ఎక్కువొచ్చేది చెరిసగం. ఈసారి నా పన్నెండొందలూ ఇటుకల్లోంచి తీసి అమ్ముకోలేను కాబట్టి, ఉన్న మూడు వేల తొమ్మిది వందల్లోంచి ఇయ్యి. సూరత్‌వాడికి ఇంకో పన్నెండొందలు ఎక్కడో చూసుకుంటాను."

జోసెఫినమ్మ లోపలికి వెళ్లి, బియ్యం డబ్బాలోంచి నోట్లు తీసి పన్నెండొందలు లెక్కపెట్టి తెచ్చింది. బియ్యప్పిండి అంటిన నోట్లు సత్యవతమ్మ దులిపి మళ్లీ లెక్కపెట్టుకుంది. స్నేహం వేరు, లెక్క వేరు.

"మరి ఈయన?" అంది సత్యవతమ్మ.

మాస్టారు అప్పటికే గది గుమ్మందాకా వెనక్కి నడిచారు.

"ఈయన అద్దె ఎంత?"

"వంద."

"కాయితం రాసిన నాడు వంద రూపాయలకి ఎన్ని ఫ్రాంకులు మాస్టారూ?"

మాస్టారు అలవాటు కొద్దీ నిజం చెప్పేశారు. "సుమారు ఎనభై అండి."

"ఈ నెల నుంచి ఈ గది అద్దె ఎనభై ఫ్రాంకులు" అంది సత్యవతమ్మ. "ఫ్రాంకు ఎంత పలికితే అంత. ఏమంటావు వదినా?"

ఎనభై ఫ్రాంకులంటే నూట అరవై ఎనిమిది రూపాయలని జోసెఫినమ్మ వేళ్లమీద లెక్కేసేలోపు మాస్టారి ముఖంలోనే చదివేసింది.

"పడితే మీకే లాభం మాస్టారూ" అంది. "పడే లక్షణాలు కనిపిస్తున్నాయా మరి?"

"చెప్పలేమండి" అన్నారు మాస్టారు నీరసంగా. ఆ జవాబు ఆయన జీవితంలో మొదటిసారి పులుసూ గుడ్డా ఏవీ తీసుకోకుండా చెప్పిన జవాబు.

జోసెఫినమ్మ కాఫీ పెట్టింది. సత్యవతమ్మ ఇటుకలమీద, తను గడపమీద, మాస్టారు నిలబడి, ముగ్గురూ తాగారు. మూడు రోజుల తర్వాత కాఫీకి రుచి వచ్చిందనిపించింది జోసెఫినమ్మకి. మేస్త్రీని సోమవారం రమ్మనాలి. మాట్నీకి రేపే వెళ్లాలి. ఇలా అనుకుంటూ ఉండగానే సైకిల్ బెల్లు మోగింది.

బ్యాంకులో క్యాషు దగ్గర కూచునే ఆంథోనీ సైకిలు గోడకి ఆనించి లోపలికి వచ్చాడు. ప్రతి ఆదివారం చర్చిలో జోసెఫినమ్మ వెనక వరసలో కూచునే కుర్రాడే. ఇవాళ ఎందుకో కళ్లెత్తి చూడ్డం లేదు.

"ఆంటీ, సోమవారం ఇచ్చిన డబ్బు ఖర్చు పెట్టేశారా?"

"ఏం నాయనా? తక్కువిచ్చావా?"

"తక్కువ కాదండి. ఆ డబ్బు ముట్టుకోవద్దని చెప్పమన్నారు మేనేజరుగారు. పాండిచ్చేరి నుంచి పొద్దున్నే ఉత్తరం వచ్చింది. మీ పింఛను ఆపేశారు."

సత్యవతమ్మ కాఫీగ్లాసు ఇటుకమీద పెట్టేసింది. "ఎందుకు ఆపుతారు? సర్తిఫికాకి మార్చి ఆఖరుదాకా గడువుందిగా. ఈవిడ బతికే ఉంది, చూడు!"

"బతికుండడం గురించి కాదండి." ఆంథోనీ చొక్కా జేబులోంచి మడిచిన నకలు తీశాడు. "పోయిన సార్జెంటుగారి భార్యకి ఇచ్చే పింఛను ఆవిడ మళ్లీ పెళ్లి చేసుకుంటే ఆగిపోతుందట. మీకు పెళ్లయిపోయిందని వాళ్లకి ఒక ఉత్తరం అందిందండి, దాని జిరాక్సు నకలే ఇది."

"పెళ్లా?" అంది జోసెఫినమ్మ. నవ్వొచ్చింది ముందు. "ఎవరితో నాయనా?"

ఆంథోనీ కాయితంలోకి చూశాడు. మాస్టారివైపు చూశాడు. మళ్లీ కాయితంలోకి చూశాడు.

"కాలేజీ లెక్చరరు సూర్యచంద్రరావుగారితో అని రాసుందండి."

మాస్టారి చేతిలో గ్లాసు వొలికి కాఫీ పంచెమీద పడింది. ఆయనకి కాలినట్టు కూడా తెలియలేదు.

"ఏ వెధవ రాశాడది?" అని లేచింది సత్యవతమ్మ. ఆ లేవడానికి ఇటుకలు మళ్లీ కదిలాయి. "పేరు లేని ఉత్తరం పట్టుకుని పింఛను ఆపేస్తారా?"

"పేరు లేకపోవడం కాదండి. కింద సంతకం ఉంది. రెండేళ్లుగా విత్‌డ్రాయల్ ఫారాలమీద చూస్తున్నాను, నాకు బాగా తెలిసిన సంతకం."

ఆంథోనీ ఆ కాయితాన్ని రెండు చేతులతో పట్టుకుని జోసెఫినమ్మ ముందుకి చాపాడు.

"మీదేనండి."

(సశేషం)